మల్లి గౌను మడతలు

జబ్బు నుంచి లేచిన మనిషిని చూడ్డానికి వచ్చినవాళ్ళందరూ ఒకటే అడుగుతారు, ఇప్పుడెలా ఉందని. అన్నం సహిస్తోందా, నిద్ర పడుతోందా, నాలుగడుగులు వేస్తున్నావా అని. అక్కడ ఎలా ఉండేదని మాత్రం ఒక్కరూ అడగరు. నేను చాలా కాలం ఉండి వచ్చిన ఊరు అది. ఎవరూ అడగకుండా నా అంతట నేను చెబుదామంటే, రెండు మాటలు అయ్యేలోపే మా అత్త దిష్టి తీయడానికి ఉప్పూ మిరపకాయలూ పట్టుకుని వచ్చేస్తుంది. అందుకని రాస్తున్నాను. రోజూ కాస్త రాస్తే చేతి వణుకు తగ్గుతుందని డాక్టరు గారు కూడా అన్నారు, కాబట్టి ఇందులో సగం వైద్యమే.

నా పేరు సుక్రి. శుక్రవారం పుట్టాను కాబట్టి సుక్రి. మా వైపు పేర్ల కోసం ఎవరూ పెద్దగా బుర్ర పాడుచేసుకోరు. ముంచింగిపుట్టు దాటి జీపు దిగాక ఇంకో కొండ ఎక్కితే మా ఊరు వస్తుంది. మా ఆయన సోమన్న కాఫీ తోట, రాగి చేను చూసుకుంటాడు. నేను ఇంటర్ దాకా చదివి, తర్వాత కుట్టుపని నేర్చుకున్నాను. మిషను జీపు టాపు మీద కట్టించుకుని సంత సంతకీ తిరుగుతాను. జాకెట్లు, లంగాలు, పిల్లల గౌన్లు అక్కడికక్కడే కుట్టి ఇస్తాను. మా కొండల్లో వారమంటే సంతే. "పోయిన సంతకి ముందు సంత" అంటే ఎప్పుడో ఇక్కడ అందరికీ తెలుస్తుంది, తేదీ చెబితే మాత్రం మొహాలు చూసుకుంటారు.

ఇంకో సంగతి కూడా ముందే చెప్పాలి. మా దగ్గర ఆడపిల్లకి గౌను కుట్టించేవాళ్ళు ఒంటికి సరిపడా కుట్టించరు. అంచు దగ్గర లోపలికి మడతలు పెట్టి కుట్టమంటారు. పిల్ల ఎదిగినకొద్దీ ఏడాదికో మడత విప్పుతారు. మిగతా గౌనంతా వెలిసిపోయి, విప్పిన చోట మాత్రం గుడ్డ కొత్తగా మెరుస్తుంటుంది. మా మల్లికి ఐదో ఏడు నడుస్తున్నప్పుడు నేను ఆకుపచ్చ గౌను కుట్టి, మూడు మడతలు పెట్టాను. మూడేళ్ళ దాకా ఇంక నీ గొడవ లేదు పో అన్నాను దానితో.

జూలై

వానలు ముదిరాయి. నాకు జ్వరం వచ్చింది, పోయింది, మళ్ళీ వచ్చింది. ఆశా కార్యకర్త రక్తం తీస్తానని ఇంటికొస్తే, సంత అయ్యాక తీద్దువులే అన్నాను. బడి యూనిఫారాలు కుప్పలుగా ఉన్నాయి మరి. ఇది చదివేవాళ్ళకి నేను చెప్పే మొదటి మాట ఇదే: ఆ సూది పోటేదో ఆ రోజే పొడిపించుకోండి. యూనిఫారం లేకపోతే పిల్లాడు పాత చొక్కాతో బడికెళ్తాడు, ఏమీ కాదు.

సంత రోజు మిషను ముందు కూర్చున్నాక సూది రెండుగా కనబడింది. తర్వాత చక్రం దానంతట అదే తిరుగుతున్నట్టనిపించింది. ఆ తర్వాత నాకేమీ తెలీదు. యూనిఫారం గుడ్డల మీదికి ఒరిగిపోయానట. సంతలో పడ్డాను కాబట్టి వెంటనే జీపు దొరికింది. ఊళ్ళో పడి ఉంటే డోలీ కట్టి కొండ దించేసరికి ఏమయ్యేదో. మండలం నుంచి పాడేరు, పాడేరు నుంచి పట్నంలో పెద్దాసుపత్రి. మలేరియా మెదడుకెక్కిందని మా ఆయనకి చెప్పారు. లేస్తుందా అంటే, చూద్దాం అన్నారు. ఆ మాట పట్టుకుని ఆయన బయట హాల్లో కూర్చున్నాడు.

ఆ హాలు గురించి ఆయన చెబితే విన్నదే గాని నాకు తెలీదు. కుర్చీలు తక్కువ, జనం ఎక్కువ. ఎవరి పేరు పిలిచినా అందరూ లేచి నిలబడతారట. డొంకరాయి నుంచి వచ్చిన ఒక పెద్దావిడ తన చాపలో సగం మా ఆయనకిచ్చింది. "నా కొడుకూ లోపలే, నీ పెళ్ళామూ లోపలే, మనిద్దరం బయటున్నాం. మొహమాటమేటి, కూకో బాబూ," అందట. కొడుకుని వేరే వార్డుకి మార్చిన రోజున ఆ చాప మొత్తం ఆయనకే వదిలేసి వెళ్ళింది. ఇప్పటికీ మా ఇంట్లో ఉందది. దాని మీద ఎవరినీ కాఫీ గింజలు పొయ్యనివ్వడు.

ఆ ఊళ్ళో

నేనున్న చోట ఎండా లేదు, చీకటీ లేదు. మంచు పట్టిన ఉదయంలా ఒకటే వెలుగు. కొండ వాలులో ఒక సంత, పనసచెట్టు కింద నా మిషను. ఉన్నట్టుండి దూరంగా గోల లేచేది. జనం తోసుకుంటూ వచ్చేవాళ్ళు. పలకరించేవాళ్ళు, బతిమాలేవాళ్ళు, ఒకరిద్దరు ఏడ్చేవాళ్ళు కూడా. కాసేపటికి ఎవరో కేకేస్తే అందరూ వెళ్ళిపోయేవాళ్ళు. అది ఒక సంత. ఒక వారం గడిచిందని అనుకునేదాన్ని.

అలా కొన్ని సంతలయ్యాక, పెద్ద గుడ్డని ఎవరో ఫట్టున దులిపి విప్పిన చప్పుడు వినబడేది. వెంటనే మల్లి వచ్చి నా ముందు నిలబడేది. గౌను మోకాళ్ళ పైకి వచ్చేసి ఉండేది. బ్లేడుతో కుట్టు తెంపి ఒక మడత విప్పేదాన్ని. ఇంకో ఏడాది అయిపోయేది.

అక్కడ అందరి బట్టలకీ మడతలుండేవి. పొద్దెంతయిందని అడిగితే ఎవరూ ఆకాశం చూడరు. వంగి అంచు చూసుకుంటారు. మడతలు అయిపోయినవాళ్ళు దుకాణం అలాగే వదిలి గట్టు దాటి వెళ్ళిపోతారు. ఆ చోట ఇంకొకరు వచ్చి తట్ట దించుకుంటారు. నా చీర అంచు వైపు నేను ఒక్కసారి కూడా చూసుకోలేదు. చూస్తే ఏం తెలుస్తుందో అని భయం.

మల్లి మాత్రం నా కళ్ళ ముందే ఎదిగింది. పాలపళ్ళు ఊడి కొత్తవి వచ్చాయి. రెండు జడలు వేసుకుని ఆశ్రమ పాఠశాలకి వెళ్ళింది. ఎర్ర సైకిలు తొక్కుతూ నా మిషను చుట్టూ తిరిగింది. పది పాసయింది, కొండ దిగి నర్సు చదువులో చేరింది. నాకంటే పొడుగైంది. వచ్చినప్పుడల్లా నన్ను కేకలేసేది, "ఈ మసకలో కుట్టకే అమ్మా, కళ్ళు పోతాయి," అని. పెద్దరికం చూసి నాకు నవ్వూ వచ్చేది, గర్వంగానూ ఉండేది.

ఒకసారి అనుమానం వచ్చింది. మూడే కదా పెట్టాను, ఇన్ని మడతలు ఎక్కడివని. అడిగితే మల్లి నవ్వింది.

"నాన్నెట్టేడే," అంది.

మా ఆయనకి సూదిలో దారం ఎక్కించడం కూడా రాదు. అయినా కలలో ఇలాంటివి అడ్డు రావు కదా, నమ్మేశాను.

చివరి సంతలో మల్లి వచ్చి నిలబడితే అంచంతా వెదికాను. మడత లేదు. రెండు చేతులతో గుడ్డ పట్టుకుని లాగాను.

"అయిపోనాయే అమ్మా. నువ్వింక ఇంటికెల్లు. బేగెల్లు."

"నువ్వో?"

"నాను ఎనకాల వత్తాను."

ఆగస్టు

కళ్ళు తెరిస్తే తెల్లటి పైకప్పు, ముక్కులో గొట్టం. ఒక నర్సమ్మ వంగి చూస్తోంది. పార్వతీపురం వైపు మనిషి, నవ్వితే బుగ్గలు సొట్టలు పడతాయి. మల్లి ఏది అని అడిగాను. నా గొంతు నాకే కొత్తగా వినబడింది. మా ఆయన మంచం పట్టీ పట్టుకుని నిలబడి ఉన్నాడు. సగమైపోయాడు. ఏడుస్తున్నాడని తెలుస్తోంది గాని చప్పుడు రావడం లేదు. "తీసుకొత్తానే, తీసుకొత్తాను," అన్నాడు.

ఆ వార్డులో పడుకుని ఉండగానే కొన్ని సంగతులు అర్థమయ్యాయి. పొద్దునా సాయంత్రమూ తలుపు తీయగానే చుట్టాలందరూ ఒక్కసారి లోపలికి వస్తారు. ఆ గోల వినగానే "సంత కూడినట్టుంది" అన్నాను పైకే. నర్సమ్మ పడీపడీ నవ్వింది. ఇంకోసారి ఆవిడ పక్క మంచానికి దుప్పటి మారుస్తూ ఫట్టున దులిపింది. నా వేళ్ళు బ్లేడు కోసం మంచమంతా తడుముకున్నాయి. పట్నం మనిషయితే ఆ గోలని రైలు స్టేషననుకునేదేమో. సంతల్లో బతికే మనిషిని కాబట్టి నేను రోజుకి రెండు వారాలు లెక్కేసుకున్నాను. ఇంతవరకూ నవ్వుకునే విషయమే.

తర్వాతది నవ్వుకునేది కాదు. నన్ను మామూలు వార్డుకి మార్చాక మా అత్త మల్లిని తీసుకుని బస్సులు మారి వచ్చింది. మెట్ల దగ్గర్నుంచే "అమ్మా" అని అరుస్తూ వచ్చిందట. తలుపు తోసుకుని ఆకుపచ్చ గౌను, మూడు మడతలతోనూ, నా మంచం దాకా పరిగెత్తుకొచ్చింది. నేను దాని తల మీదుగా తలుపు వైపు చూశాను. పొడుగాటి పిల్ల వెనకాల వస్తోందేమోనని.

"ఈ గుంటెవరు? మా మల్లేదీ?" అన్నాను.

మల్లి ఆగిపోయింది. నా వైపు చాచిన చేతులు అలాగే కిందికి దించి, గౌనుకి తుడుచుకుంది. తర్వాత వాళ్ళ నానమ్మ చీర వెనక్కి వెళ్ళిపోయింది.

ఈ జబ్బు నుంచి లేచినవాళ్ళకి కొన్నాళ్ళు అలా ఉంటుందన్నారు డాక్టరు గారు. కొన్ని రోజులకి నాకూ తెలిసింది, ఆ చిన్నదే నా కూతురని. తెలిసినంత మాత్రాన అయిపోలేదు. పెంచి పెద్ద చేసిన పిల్ల ఒక్క పూటలో లేకుండా పోయింది నాకు. స్నానాల గదిలో కుళాయి తిప్పుకుని ఏడ్చేదాన్ని. బతికి బయటపడ్డానని అందరూ సంతోషిస్తుంటే, పుట్టని మనిషి కోసం ఏడుస్తున్నానని ఎవరికి చెప్పను?

అక్టోబరు

ఇంటికొచ్చాక మల్లి నన్ను అమ్మా అని పిలవలేదు. ఏమే అని కూడా అనలేదు. మంచినీళ్ళు తెమ్మంటే తెచ్చి, నాకు అందనంత దూరంలో చెంబు పెట్టి పోయేది. పడుకునేది నానమ్మ పక్కన. నేను దగ్గరికి పిలిస్తే గడపలో నిలబడి కొత్త చుట్టాన్ని చూసినట్టు చూసేది.

మా అత్త ఊరుకునే మనిషి కాదు. "కన్న గుంటని అట్టుకుని నువ్వెవరే అంటే దాని పేనం ఎలగుంటాది? జొరం నీకొచ్చినాది గాని దెబ్బ దానికి తగిలినాది," అనేసింది ఒకరోజు.

"నానేటి కావాలనన్నానా?" అని నేనూ అరిచాను. మా ఆయన మా ఇద్దరి మొహాలూ చూసి కత్తి తీసుకుని కాఫీ తోటలోకి పోయాడు. ఇంట్లో గొడవైనప్పుడల్లా ఆ తోటలో కలుపు శుభ్రమయ్యేది.

చేతులు వణికేవి. సూదిలో దారం ఎక్కేది కాదు. మిషను మీద గోనె కప్పి పెట్టాను. ఈ పిల్ల నాకు ఇంక దక్కదేమోనని ఆ రోజుల్లో చాలాసార్లు అనుకున్నాను.

వాన వెలిసిన ఒక మధ్యాహ్నం మల్లి వాకిట్లో ఆడుకుంటోంది. గౌను అంచున ఆకుపచ్చ పట్టీ ఒకటి వంకరటింకరగా మెరుస్తోంది. ఒక మడత విప్పేశారు. నేను మంచంలో ఉండగా నా కూతురు నిజంగానే ఎదిగింది. ఆ మడత విప్పింది నేను కాదు. అప్పుడు నాకు పుట్టిన ఉక్రోషం ఇంతా అంతా కాదు.

"ఆ కుట్టెవులేసారే? కుక్క కరిసినట్టుంది!" అన్నాను.

"నానమ్మ," అంది. చాలా రోజులకి నాతో అన్న మొదటి మాట.

"ఇలా రా. సరిసేత్తాను."

రాలేదు. గుంజని పట్టుకుని కాలితో మట్టి గీకుతూ చాలాసేపు నిలబడింది.

"నానెవులో నీకు తెల్దు కదా," అంది.

ఇంక దాచి లాభం లేదనిపించింది. అత్త దిష్టి తీయడానికి వచ్చినా సరే, చెప్పేశాను. "నాను యేరే ఊర్లో ఉన్నానే అప్పుడు. అక్కడ నువ్వు పెద్దదానివైపోనావు. నాకంటే పొడుగు. అందుకే బుల్లి మల్లిని సూసి పోల్చలేదు. ఒళ్ళు బాగోక పోల్చలేదమ్మా, వద్దనుకుని కాదు."

మల్లి కళ్ళు పెద్దవి చేసింది. ఇన్ని నెలల్లో ఎవరూ అడగని ప్రశ్న అప్పుడు అడిగింది.

"అక్కడెలగుండేదే?"

చెప్పాను. మధ్యలో ఎప్పుడు వచ్చిందో గడప దాటి వచ్చి నా మోకాలికి ఆనుకుని కూర్చుంది. ఆ ఊళ్ళో తను ఎంత పొడుగని అడిగితే, లేచి గుమ్మం గుంజ మీద నా తలకి పైన సుద్దతో గీత గీశాను. నోరు తెరుచుకుని చూసింది. వణుకుతున్న నా చేతిలోంచి సూది లాక్కుని తనే దారం ఎక్కించి ఇచ్చింది. మా అత్త వేసిన కుట్లు తెంపుతూ పాలపళ్ళ దగ్గర్నుంచి మొదలుపెట్టి చెబుతున్నాను. సైకిలు దగ్గరికి వచ్చేసరికి వాకిట్లో ధబ్బుమని చప్పుడైంది. మా ఆయన కట్టెల మోపు కింద పడేసి నిలబడ్డాడు.

"ఎర్ర సైకిలేనా?" అన్నాడు.

"నీకెలా తెలుసు?"

ఆయన మాటలు పొదుపుగా వాడే మనిషి. ఆ రోజు మాత్రం అరుగు మీద కూర్చుని మొత్తం చెప్పాడు. "లోనికొచ్చినప్పుడల్లా నర్సమ్మ మాటాడమన్నాదే. ఇంటాది, మాటాడు బాబూ అన్నాది. ఏటి మాటాడతాను నాను? కాఫీ కాపు గురించి సెప్పినాను, రాగులు గురించి సెప్పినాను, అయిపోనాయి. మల్లి గురించెత్తితే నీ కనురెప్ప కదిలినట్టనిపించినాది. ఉన్నదంతా సెప్పేసినాను. ఇంక లేనిది సెప్పడం మొదలెట్టినాను. పళ్ళూడినాయన్నాను, బడికెల్లిందన్నాను, సైకిలు కొన్నానన్నాను. రోజుకింత పెంచేసినాను దాన్ని."

"ఆకరికి?"

"నర్సు సదువుకి పంపేసినాక ఇంకేటి సెప్పాలో తెల్నేదు. అయిపోనాదే, నువ్వింక ఇంటికొచ్చీ అన్నాను."

నాన్నెట్టేడే అని మల్లి అన్నమాట అప్పుడు గుర్తొచ్చింది. సూదిలో దారం ఎక్కించడం రాని మనిషి, ఆ హాల్లో సగం చాప మీద కూర్చుని ఆలోచించుకుని, నా మంచం దగ్గరికొచ్చి చెప్పి, నా కూతురి గౌనుకి అన్ని మడతలు పెట్టాడు. నేను ఒక్కొక్కటీ విప్పుకుంటూ గడిపాను. విప్పడానికి ఏదో ఒకటి మిగిలుంది కాబట్టే గట్టు దాటలేదని నా నమ్మకం. డాక్టరు గారు మందులంటారు, అదీ నిజమే.

ఆ రోజు నేను ఏడ్చాను గాని, కుళాయి తిప్పుకోలేదు. ఆ పెద్ద మల్లి నాకు లేకుండా పోలేదు. వెనకాల వస్తానని చెప్పింది కూడా. ఇక్కడ నా మోకాలికి ఆనుకుని ముక్కు చీదుకుంటున్న ఈ చిన్నదే, మెల్లగా నడుచుకుంటూ వస్తున్న ఆ మల్లి.

ఎవరైనా మీ ఇంట్లోవాళ్ళు ఇలా తెలివి లేకుండా పడుంటే, సిగ్గుపడకుండా మాట్లాడండి. ఉన్నవి అయిపోతే లేనివి చెప్పండి. వాళ్ళు లేచాక ఏదైనా వింతగా అంటే కసురుకోకుండా, ఎక్కడికెళ్ళి వచ్చావని ఒక్కసారి అడగండి. ఇంట్లో చిన్నపిల్లలుంటే జరిగింది వాళ్ళకి కూడా చెప్పండి. మనం చెప్పకపోతే, తప్పు తమదేననుకుని ఆ చేతులు గౌనుకి తుడుచుకుంటారు.

డిసెంబరు

కాఫీ పళ్ళు కోతకొచ్చాయి. మా ఆయనా అత్తా తోటలోనే ఉంటున్నారు. నాకింకా కొండ ఎక్కితే ఆయాసం, అందుకని ఇంటి దగ్గర పళ్ళు ఏరుతున్నాను. మిషను మీద గోనె తీసేశాను. మొదట కుట్టింది దిండు గలీబు, అదీ వంకరే. మా అత్త దాన్ని ఎత్తి పట్టుకుని, "ఇదేటే, కుక్క కరిసినట్టుంది," అని నా మాట నాకే అప్పగించింది. మల్లితో కలిపి ముగ్గురమూ నవ్వాం.

ఈ వారం మల్లికి కొత్త గౌను కత్తిరించాను, పసుపు రంగు గుడ్డ. మల్లి గుమ్మం దగ్గర నిలబడి, సుద్ద గీత చూపించి, అక్కడిదాకా సరిపోయేటట్టు మడతలు పెట్టమంది.

"అన్ని పెడితే బరువుకి నడవలేవే. మూడు పెడతాను."

"అయ్యి అయిపోతేనో?"

"ఇంకో గౌను కుడతాను. దానికి మూడు."

గీతకేసి తలెత్తి చూసింది. తన తల మీద చెయ్యి పెట్టుకుని, రెంటికీ మధ్య ఎంత ఉందో చూసుకుంది. సుద్ద గీత చాలా పైనుంది.

"అక్కడికెల్లాలంటే సానా సంతలవ్వాలి కదే అమ్మా?"

"సానా."

గుంజ మీద గోటితో గీకుతూ, నా మొహం చూడకుండా అడిగింది.

"అప్పటికి నువ్వుంటావా?"

తల దించి, మొదటిసారి నా చీర అంచు చూసుకున్నాను. మామూలు నేత చీర. మసి అంటుకుని ఉంది, అంతే.

"ఉండకపోతే మడతలెవులిప్పుతారే?" అన్నాను.

మల్లికి సమాధానం నచ్చినట్టుంది. పసుపు గుడ్డ అంచు తెచ్చి నా చేతిలో పెట్టి, సూదిలో దారం ఎక్కించడానికి నా పక్కన కూర్చుంది.